గిజెలా గొంతు

“ఈ కాగితం మీద నేను సంతకం పెట్టను,” అంది గిజెలా, హెడ్‌ఫోన్స్ తీసి విజయశ్రీ చేతిలో పెడుతూ.

ఫ్రీమాంట్‌లోని ఆ స్టూడియోలో మూడు రోజులుగా ఆ జర్మన్ నటి నవ్వింది, ఏడ్చింది, కేకలు పెట్టింది. విజయశ్రీ రికార్డు చేస్తూంటే, ఏం టైప్ చేసినా అచ్చం ఆమెలాగే పలికేలా, ఏఐ సిస్టమ్ ఆ గొంతును నేర్చుకుంటూ పోయింది.

“నేను పోయాక కూడా నా గొంతుతో మీ ఇష్టమొచ్చింది మాట్లాడిస్తారట. నా మొదటి సినిమాలో, పల్లెటూరి యాస అని, నాకు ఇంకొకామె చేత డబ్బింగ్ చెప్పించారు. సొంత గొంతు కోసం పదేళ్ళు కొట్లాడాను. ఆ తర్వాతే టీవీలో నలభై ఏళ్ళు నిలబడ్డాను. మొత్తం చెరిపెయ్యి.”

“చెరిపేస్తానండి.”

ఆవిడ కోటు వేసుకుని వెళ్ళిపోయింది. మేనేజర్ శ్యామ్‌సుందర్ లోపలికి వచ్చాడు.

“సంతకం పెట్టిందా?”

“లేదండి. వద్దన్నారు.”

“సంతకం లేకపోయినా పర్లేదు. ఒప్పుకున్నానని ఆమె గొంతులో ఒక్క మాట రికార్డయి ఉంటే చాలు.”

“ఆవిడ వెళ్ళిపోయారు కదండీ.”

“గొంతు ఉందిగా. టైప్ చెయ్యి.” గుమ్మం దగ్గర ఆగాడు. “అన్నట్టు, నీ వీసా ఎక్స్‌టెన్షన్ ఫైల్ నా టేబుల్ మీదే ఉంది. సాయంత్రం చూస్తాను.”

విజయశ్రీ హెడ్‌ఫోన్స్ పెట్టుకుంది. వేళ్ళు కీబోర్డు మీద కదిలాయి.

కిటికీ అద్దం అవతల, ఎండలో, గిజెలా క్యాబ్ కోసం నిలబడి ఉంది. విజయశ్రీని చూసి చెయ్యి ఊపింది. ఆవిడ పెదాలు కదల్లేదు.

“నాకు పూర్తిగా సమ్మతమే,” అంది ఆవిడ గొంతు హెడ్‌ఫోన్స్‌లో, మొదటి రోజు విజయశ్రీ రికార్డు చేసిన ఆ నవ్వుతోనే.