ఇరవై ఒకటి నిండాలి

వస్తూనే తమ్ముడు అక్క ఫ్లెక్సీ షాపులో స్టూలు మీద కూలబడ్డాడు.

"నా నామినేషన్ కొట్టేశారక్కా. ఇరవై ఒకటి నిండాలట. నామినేషన్లు పరిశీలించే రోజుకే నిండాలట."

"మరి నాతో ఏమన్నావు? సీట్లో కూర్చునే నాటికి నిండితే చాలన్నావుగా."

"అలాగే అనుకున్నాను."

అక్కకి ఒళ్ళు మండింది. పోలింగ్ అయిన మరుసటి వారం వీడి పుట్టినరోజు. ఈపాటి రూలు కనుక్కోకుండా వీధివీధీ తిరిగి చెప్పులరగదీశాడు. అలాగని తెలివితక్కువవాడా అంటే అదీ కాదు. మురుక్కాలవ పూడిక తీసేదాకా మున్సిపల్ ఆఫీసు మెట్ల మీంచి లేవనని కూర్చుని, తీయించి మరీ లేచిన మొండిఘటం. వార్డులో ముసలీ ముతకా అంతా ఇవాళ వాడి వైపే ఉన్నారు.

"నీది మాత్రం నిలబడింది," అన్నాడు తమ్ముడు నేలచూపులు చూస్తూ.

అసలు అభ్యర్థి కాగితాల్లో ఏ లొసుగైనా బయటపడితే పనికొస్తుందని ఇంట్లో ఇంకొకరిచేత కూడా నామినేషన్ వేయించి పెడతారు. డమ్మీ అంటారు. అందరూ చేసేదే కదా అని అక్కచేత వేయించారు. ఇప్పుడు అసలు ఎగిరిపోయి డమ్మీ మిగిలింది.

"నావల్ల కాదురా. నలుగుర్లో నిలబడితే నాకు కాళ్ళు వణుకుతాయి."

"మాట్లాడ్డానికి నేను లేనూ? నువ్వు ఊరికే నిలబడు. అయిదేళ్ళు సీటు ఆపి పెట్టు, తర్వాత నేను చూసుకుంటాను."

"బస్సులో సీటనుకున్నావా, జేబురుమాలు వేసి ఆపడానికి?" అంది గాని, నవ్వొచ్చేసింది అక్కకి. వాడి మొహం చూస్తే కాదనబుద్ధి కాలేదు. "సరే, నిలబడతాలే. ఏడవకు."

ఆ మాట పదిమందికీ చెప్పడానికి వాడు పరుగులాంటి నడకతో వెళ్ళిపోయాడు. వాడటు మలుపు తిరిగాడో లేదో, ఇటు షాపు ముందు నల్లకారు ఆగింది.

కౌన్సిలర్ దిగాడు. ఊరందరికీ ఆయన బాబాయే. ఈ వార్డులో ఎప్పట్నుంచో ఆయనదే సీటు. ఎదురు నిలబడ్డవాళ్ళు లేకపోలేదు గాని, ఎవరూ పోలింగ్ దాకా రాలేదు. ఒకాయన ఉన్నపళంగా వ్యాపారం మూసుకుని ఊరొదిలేశాడు. ఇంకొకాయన రోడ్డు దాటుతూ లారీ కింద పడ్డాడు. ఆయన అంత్యక్రియల ఖర్చంతా బాబాయే పెట్టుకున్నాడు.

వెంట వచ్చిన ఇద్దరూ గుమ్మం దగ్గర ఆగిపోయారు. బాబాయ్ ఒక్కడే లోపలికొచ్చి, ఇందాక తమ్ముడు కూర్చున్న స్టూలు మీద కూర్చున్నాడు.

"పిల్లాడిది కొట్టేశారటగా. పాపం."

"అవును బాబాయ్."

"వెనక్కి తీసుకోవడానికి రేపు సాయంత్రం దాకా టైముంది. నీకెందుకు తల్లీ ఈ రొచ్చు?"

 అక్క తల అడ్డంగా ఊపి, "తీసుకోను బాబాయ్. వాడి బదులు నేను నిలబడతాను," అంది.

కేకలేస్తాడనుకుంది. వేయలేదు. తాపీగా తలూపి నవ్వాడు.

"పౌరుషం ఉన్నదానివే. సరే, నీ ఇష్టం. నేనొచ్చిన పని వేరేలే. ఒక ఫ్లెక్సీ కావాలి. మీ తమ్ముడిది."

"మావాడిదా?"

"ఏం, ఓట్ల గొడవ ఓట్లదే, మనుషులు మనుషులే. కాలవ బాగుచేయించాడు కుర్రాడు. వయసు చాలక ఆగిపోయాడని ఊరంతా అయ్యో అంటోంది. పెద్ద సెంటర్లో నిలువెత్తున నేనే పెట్టిస్తాను."

అక్క మనసు కుదుటపడింది. పుట్టినరోజు ఫ్లెక్సీ అన్నమాట. గాలి ఎటు వీస్తోందో ముసలాయనకి తెలిసిపోయి, మంచి చేసుకోడానికి వచ్చాడనుకుంది. అనవసరంగా భయపడ్డందుకు కాస్త సిగ్గుపడింది కూడా. కంప్యూటర్లో తమ్ముడి ఫోటో తీసింది.

పక్కన కూర్చుని, తెరమీద వేలు పెట్టి మరీ చెప్పి చేయించుకోవడం బాబాయ్‌కి అలవాటు. ఊళ్ళో డిజైన్ పని చేసేవాళ్ళందరూ పడిన బాధే అది.

"ఫోటో ఇంకాస్త పెద్దది చెయ్యి. ఆ, చాలు. నవ్వు బాగుంది కుర్రాడిది. వెనకాల ఆ మెరుపులూ అవీ తీసెయ్యి తల్లీ, తెల్లగా వదిలెయ్యి. హుందాగా ఉంటుంది."

"పైన శుభాకాంక్షలని వేయనా బాబాయ్?"

"పైన సంగతి తర్వాత. ముందు కింద వాడు పుట్టిన తేదీ వెయ్యి. గొడవంతా ఆ తేదీతోనేగా వచ్చింది. ఎంతలో తప్పిపోయిందో జనం చూడాలి."

అక్క నవ్వింది. తమ్ముడు పుట్టిన తేదీ పెద్ద అక్షరాల్లో కొట్టి, ఫోటో కింద సరిగ్గా మధ్యలో కూర్చోబెట్టింది.

"ఎప్పటికి కావాలి బాబాయ్?"

"ప్రింటు ఇప్పుడే వద్దమ్మా. రేపు సాయంత్రంలోగా నువ్వు నామినేషన్ వెనక్కి తీసుకుంటే అసలు అవసరమే రాదు."

అర్థం కాక అక్క ఆయన వంక చూసింది. ఆయన ఆమెను చూడటం లేదు. ముందుకు వంగి, తెరమీద ఆ తేదీ మీద వేలు ఆనించాడు.

"మధ్యలో కాదు తల్లీ, ఎడమకి జరుపు. పక్కన ఇంకో తేదీకి చోటుండాలి."