అరంగుళం

"నాన్నా, ఆ అమ్మాయే నేననుకుని మాట్లాడు," అంది దర్శకురాలు కెమెరా వెనకనుంచి. తన మీద తనే తీసుకుంటున్న డాక్యుమెంటరీలో తన పాత్రకు ఒక నటిని పెట్టుకుంది.

దర్జీ కుట్టుమిషను ఆపి, కూతురి చొక్కా తొడుక్కున్న నటిని ఎగాదిగా చూశాడు.

"నేననుకున్నా, ఆ చొక్కా ఒప్పుకోవడం లేదమ్మా."

"అబ్బా, జనానికి నిజమైన నేను కనపడాలి నాన్నా!"

"మరి ఈవిణ్నెందుకు తెచ్చావు?"

"కెమెరా ముందు నేను బిగుసుకుపోతాను. దొంగలా ఉంటాను."

నటి కిసుక్కున నవ్వింది. దర్జీ ఆమె ఎడమ భుజం దగ్గర ఉబ్బిన గుడ్డను పట్టి చూపించాడు. "ఈ పిల్ల భుజాలు సమానం. నీకు ఎడమది అరంగుళం కిందికుంటుంది. అందుకే లోపల మెత్త పెట్టి కుడతాను."

"ఎప్పట్నించి?"

"నీ బడి యూనిఫాం నుంచి. నీక్కూడా తెలియకూడదనే."

ఇన్నేళ్లూ అద్దంలో తను చూసుకున్నది నాన్న చేతిపనన్నమాట. దర్శకురాలు కెమెరాను దాని మానాన వదిలేసి, నటిని పక్కకు జరిపి అక్కడ నిలబడింది. భుజాలు రెండూ సమానంగా బిగబట్టింది.

దర్జీ మెడలోంచి టేపు తీశాడు.

"బిగుసుకోకు," అన్నాడు. "వంకరగానే నిలబడు. నేనే కదా చూసేది."