ఒంటికాలి ముద్ర

చెరువులో చేపలు పట్టే హక్కుకి టెండరు పెడితే, పిల్లలతల్లి కొంగ గెలిచింది. కానీ తామరాకు మీద రెండు కాళ్ల ముద్రలూ వెయ్యాలట. అలవాటుకొద్దీ ఒంటికాలి మీద నిలబడి, ఆ ఒక్క కాలి ముద్రే వేసింది.

ఓడిపోయిన నీటికాకి గోలపెట్టింది. "సగం ముద్ర టెండరు చెల్లదు!"

"రెండో కాలు ఇదిగో, ఇప్పుడే వేస్తాను బాబాయ్," అని కొంగ తీర్పరి తాబేలుని బతిమాలింది.

"గడువు దాటింది తల్లీ. విచారణ తేలేదాకా ఎవరూ నీళ్లలో ముక్కు ముంచకూడదు," అంది తాబేలు.

వాయిదాల మీద వాయిదాలు పడ్డాయి. ఎండలు ముదిరాయి. గూట్లో పిల్లల అరుపులు సన్నబడ్డాయి. దొంగచాటుగా ఒక్క చేప తెచ్చినా టెండరు పోతుందని కొంగ ఓర్చుకుంది.

చివరికి తాబేలు నెర్రెలిచ్చిన మట్టి మీద పాక్కుంటూ వచ్చింది. "గెలిచావమ్మా! ఇక పిల్లలకి కడుపునిండా పెట్టుకో."

కొంగ ఎండిన చెరువు వైపు కూడా చూడలేదు.

"ఏ పిల్లలకి బాబాయ్?" అంది.