దసరా దారం

దసరా మర్నాడు పొద్దున్నే సైదులు మూడు చక్రాల కరెంటు సైకిలు మొరాయించింది. ముందు తొట్టిలో హోటళ్లకు వేయాల్సిన పాలక్యాన్లు వేడెక్కుతున్నాయి. బ్యాటరీ నిండుగానే ఉంది, మోటారు మాత్రం ఉలకదు పలకదు. సైదులు పళ్లు నూరుతూ మోటారు మూత ఊడదీశాడు.

“నన్ను ఇంట్లో విప్పడం నిషేధం. కదలగలిగిన మరుక్షణం కంపెనీకి వెళ్లిపోతాను,” అంది సైకిలు చల్లగా. ఆ రోజుల్లో బళ్లన్నిటికీ నోరుంది, తొక్కేవాడు లేకుండా పోవడమూ తెలుసు.

“ముందుగాల కదులు, పోవుడు తర్వాత జూద్దాం,” అంటూ సైదులు తొట్టిని ఒక్క తన్ను తన్నాడు.

గడపలో నిలబడ్డ భార్య మంగతాయి మూతి తిప్పింది. “నీ చేతుల వడ్డది ఏదన్న బాగువడ్డదా?”

“నోర్మూసుకో. నిన్న పూజకు కడుగుతా మోటర్ల నీళ్లు వోసింది నువ్వే.”

ఆమె విసురుగా వచ్చి హ్యాండిలు చూసింది. దిష్టి నిమ్మకాయల దారం బ్రేకు పిడిని హ్యాండిలుకు బిగించి పట్టేసింది. బ్రేకు నొక్కి ఉన్నంతసేపూ మోటారు తిరగదు.

“ఇది గట్టింది ఎవలు? నేనా?”

మూడు చుట్లు చుట్టి ముడేసింది సైదులే. ఆమె కత్తి తెచ్చి కసిగా దారం కోసేసింది.

మోటారు గుర్రుమంది. కింద పడ్డ నిమ్మకాయలను చక్రాలతో చితక్కొట్టి, కొత్త బండి శుభమా అని బయలుదేరినట్టు, కుంకుమ బొట్టుతో పాలక్యాన్లతో సైకిలు కంపెనీ దారి పట్టింది.