గుంతపడ్డ చదరం

ఆటలతో లెక్కలు రావు. సిద్దిరాములు సారుకు ఇది ఎప్పుడో తేలిపోయిన సంగతి.

రేఖాగణితం బెత్తంతో వస్తుంది, లేకపోతే రాదు. మోస్రా బడిలో పెద్దసారుగా రిటైరయ్యేదాకా ఆయన నమ్మింది అదే. అయినా పంచాయతీ సమితి ఆఫీసు వాళ్ళు, బోధన్‌లో ఓ కుర్రపంతులు తయారుచేసిన జామెట్రీ ఆటను పరీక్షించి మంచిచెడ్డలు చెప్పమని ఆయన దగ్గరికే పంపారు.

ఆ పంతులు పేరు ఆత్మారాం. చెరుకు బండ్లు లేపిన దుమ్మంతా నెత్తిన వేసుకుని సైకిల్ మీద వచ్చాడు. అరుగు మీద సంచి విప్పి ఏడు చెక్కముక్కలు పరిచాడు.

"వీటిని కలిపి పెద్ద చదరం చెయ్యాలె సార్. చేస్తుంటే పిల్లలకు కోణాలు, భుజాలు వాటంతటవే తెలుస్తయి. మీరు సరే అని ఒక్క మాట రాస్తే అన్ని బడులకు చేయిస్తమన్నరు."

"అన్ని బడులను ఖరాబు చెయ్యనీకి నా సంతకం కావాలన్నట్టు."

ఆత్మారాం నవ్వబోయి ఆగిపోయాడు.

సిద్దిరాములు ఇంట్లో పనికిరాని వస్తువు ఒక్కటుండదు. పోయినేడు భార్య చనిపోతే, దినాలు కాగానే ఆమె సామాన్లన్నీ వదిలించుకున్న మనిషి. కంట నీటిచుక్క రాలేదని ఊరంతా చెప్పుకుంది. అలాంటివాడు చెక్కముక్కలకు కరుగుతాడా?

ఒక ముక్క తీసి బొటనవేలితో రుద్దాడు.

"ఒకదిక్కు మందం, ఒకదిక్కు పల్చన. చిత్రిక పట్టుడు రాదా నీకు?"

"పాత కట్టె సార్. గట్టిగున్నదని అంగట్ల కొన్న. చిత్రిక పడితే ఇంకా పల్చనైతదని ఊకున్న."

"ఈ మూలకు కాలింది గూడ."

"అవును సార్. గా మచ్చ పోతలేదు."

సిద్దిరాములు ఆ కాలిన మూలను వేలితో తడిమాడు. తర్వాత ముక్కలన్నీ ముందుకు లాక్కున్నాడు. పల్చటి కొసలు లోపలికి, మందపు అంచులు బయటికి. చాయ్ మీద మీగడ కట్టకముందే చదరం తయారైంది.

"మా బడిల పదో తరగతోళ్ళకు పూటంత పట్టింది సార్! మీరు కోణాలు గూడ సూడకపోతిరి!"

"సూసేదేమున్నది?"

చదరం నడుమ అరచెయ్యి ఆనించాడు. అక్కడ సన్నని గుంత.

"నీళ్ళు పోస్తే నిలుస్తయి. గుంతపడ్డ కట్టె మీద పోరగాండ్లకు సమతలం నేర్పుతవా? నీకు చదువు చెప్పినోడెవడయ్యా?"

పనికిరాదని కాగితం మీద రాసి ఎడమచేత్తో దాన్ని ముందుకు తోశాడు. కుడిచెయ్యి మళ్ళీ గుంతలోకే చేరింది.

ఆత్మారాం మొహం మాడిపోయింది. నెలల తరబడి బడి అయ్యాక రంపం పట్టుకుని కూర్చున్న కష్టం ఒక్క మాటతో పోయింది. ముక్కల కోసం చెయ్యి చాచాడు.

"ముట్టకు. ఇది ఈడ్నే ఉండనీ. మళ్ళ ఇంకో బడికి మోసుకపోతవు."

"నేను చేసుకున్నది గద సార్..."

"పొయ్యిల పెడత. నువ్వు నడువు."

సైకిల్ చెరుకు తోటల మలుపు తిరిగింది.

ఆ కాలిన మచ్చ కొత్త కాపురంలో తన భార్య వేడి పెనం దించినదనీ, ఆ గుంత ఆమె అరచెయ్యి జొన్నరొట్టెలు తట్టీ తట్టీ పడ్డదనీ, తానే అంగడికి తోలిన ఆ రొట్టెల పీటే తన దగ్గరికి తిరిగొచ్చిందనీ సిద్దిరాములు ఆ రోజూ అనలేదు, చచ్చేదాకా ఎవరి ముందూ అనలేదు.