ఆర్కన్సా పర్మిట్

"నా ఆర్కన్సా పర్మిట్ న్యూజెర్సీలో చెల్లుతుందో లేదో చెక్ చేశావా?" తుపాకీ నడుముకి దోపుకుని, చొక్కా దాని మీదికి లాక్కుంటూ అడిగాడు రఘువీర్.

"చేశానండీ. డ్రైవింగ్ లైసెన్స్ లాగే, అన్ని స్టేట్స్‌లోనూ చెల్లుతుంది," అంది భార్య దేదీప్య.

నమ్మాడు. సిటిజన్‌షిప్ వచ్చిన వారానికే కొన్నాడా తుపాకీని. ఇంట్లో మాటామాటా పెరిగితే తీసి టేబుల్ మీద, పెరుగు గిన్నె పక్కన పెట్టేవాడు. "నెమ్మదిగా మాట్లాడు," అనేవాడు. ఏడాదిగా ఆమె నెమ్మదిగానే మాట్లాడుతోంది.

న్యూజెర్సీలోని ప్లెయిన్స్‌బరోలో స్నేహితుల గృహప్రవేశం. ఆర్కన్సాలో వాళ్లుండే బెంటన్‌విల్ నుంచి రెండు రోజుల డ్రైవ్. న్యూజెర్సీలోకి అడుగుపెట్టిన పావుగంటకే ఒక పోలీసు వాళ్ల కారు ఆపాడు. వెనక బ్రేక్ లైట్ వెలగడం లేదట.

"నా దగ్గర గన్ ఉంది ఆఫీసర్, పర్మిట్ కూడా ఉంది," అంటూ రఘువీర్ దర్జాగా కార్డు అందించాడు.

పోలీసు చూశాడు. "ఇది ఇక్కడ చెల్లదు. కిందికి దిగండి."

చేతులకి బేడీలు పడుతుంటే రఘువీర్ వెనక్కి తిరిగి అరిచాడు. "చెల్లుతుందని నువ్వే కదే చెప్పావ్!"

"నెమ్మదిగా మాట్లాడండి," అంది దేదీప్య.

ఒళ్లో ఉన్న హ్యాండ్‌బ్యాగ్ జిప్పు బిగించింది. పెన్సిల్వేనియాలో పెట్రోలు కోసం ఆగినప్పుడు అతను రెస్ట్‌రూమ్‌కి వెళ్లాడు. ఆ కాస్సేపట్లో కారు వెనక నుంచి ఆమె పీకిన బ్రేక్ లైట్ బల్బు ఆ బ్యాగులోనే ఉంది.