గోడ కూలిన పూట

"ప్రేమ్ రాజ్‌ను పిలువు అక్కా. దారి తెరిచినమని రేపు హైకోర్టుల ఆయనే చెప్పాలె," అన్నాడు తహసీల్దార్ వీరేందర్ లీలమ్మతో నీరసంగా.

శంషాబాద్ శివార్లలో క్రైస్తవుల సమాధులకు పోయే దారికి ప్లాట్ల వెంచర్‌వాళ్లు అడ్డంగా కట్టిన గోడ అప్పుడే కూలింది. కూల్చమని కోర్టు నిరుడే చెప్పినా వీరేందర్ కదల్లేదు. కోర్టు ధిక్కారం కేసు మెడకు చుట్టుకున్నాక జేసీబీ తెచ్చాడు.

"వాళ్లమ్మ సమాధి కాడికి పోనీకెనే కేసేసిండు గద. చూస్తే ఖుషీ అయితడు."

"మా ఆయన చలికాలంల చనిపోయిండు సార్," అంది లీలమ్మ. "అమ్మ పక్కకే పెట్టుమన్నడు. దారేది? అత్తాపూర్ సమాధులల్ల పెట్టినం."

జడ్జిగారికి చెప్పాల్సిన క్షమాపణను వీరేందర్ పొద్దుటి నుంచీ వల్లెవేసుకుంటున్నాడు. అది లీలమ్మకు చెప్పబోయాడు.

ఆమె ఇటుకలు దాటుకుంటూ అత్త సమాధి వైపు ఒక్కతే నడిచింది.